కొరియా బొమ్మకు గద్వాల గొంతు

ఎవరైనా నా ముందు కొరియా సినిమాల గొప్పతనం ఎత్తితే నాకు ఒళ్లు మండుతుంది. మా బంధువుల ఇళ్లలో పిల్లలు ఇప్పుడు ఫోన్లలో ఆ దేశం సీరియళ్లు చూసి, వాళ్ల భాష రెండు ముక్కలు నేర్చుకుని, "తాతా, నీకు తెల్వదు గని వాళ్లు మంచిగ తీస్తరు" అంటారు. నాకు తెలియదట. ఆ పిల్లలు పుట్టకముందే గద్వాలలో ఒక జిన్నింగు మిల్లు గోదాములో ఊళ్ల జనం పత్తి బస్తాల మీద కూర్చుని కొరియా సినిమాలు చూశారని చెబితే నమ్మరు. ఆ సినిమాల పేరు చెప్పి ఒక మనిషి గొంతును ఎట్లా తీసేశారో చెబితే అసలే నమ్మరు. నమ్మకపోతే పోనీ, నేను రాయవలసింది రాస్తాను.

రెండువేల సంవత్సరం దాటిన తొలి రోజులవి. నేను గద్వాలలో ఒక ప్రైవేటు డిగ్రీ కాలేజీలో చరిత్ర చెప్పేవాణ్ణి. చరిత్ర అంటే అక్కడ పరీక్షకు ముందు తిరగేసే గైడు, అంతకు మించి ఎవరికీ పట్టింపు లేదు. నాకేమో సినిమా పిచ్చి. హైదరాబాదులో ఒక మిత్రుడు విదేశాల పాత సినిమాలు సీడీల్లోకి ఎక్కించి ఇచ్చేవాడు. ఒకసారి అతనిచ్చిన వాటిలో కొరియా సినిమాలు వచ్చాయి. నలుపు తెలుపు బొమ్మలు. మట్టిగోడలు, గడ్డి కప్పిన ఇళ్లు, తెల్లబట్టల రైతులు, వాన కోసం మొగులు వైపు చూసే ముసలివాళ్లు. మాట వినబడకుండా చేస్తే అది మా పాలమూరే అనిపించింది.

ఆ దేశం సంగతి తెలుసుకోవాలని పాత బస్టాండు దగ్గరి ఇంటర్నెట్ సెంటరులో కూర్చునేవాణ్ణి. ఒక్కో పేజీ తెరుచుకునేలోపు చాయ్ తాగి రావచ్చు. చదివినకొద్దీ కోపం వచ్చింది. మొదట జపాను వాళ్లు వచ్చి నెత్తిన కూర్చున్నారు. వాళ్ల కాలంలో తీసిన సినిమాలలో చాలావరకు ఈరోజు రీళ్లే లేవు. చివరికి సొంత భాషలో సినిమా తీయనివ్వకుండా చేశారు. జపాను వాళ్లు పోయారు, దేశం రెండు ముక్కలైంది, యుద్ధం వచ్చింది. ఆ తర్వాత దక్షిణాన సొంత సైన్యమే గద్దెనెక్కింది. కథ ముందు రాసి చూపించాలి, తీశాక సినిమా మళ్లీ చూపించాలి. పేదరికం చూపిస్తే దేశానికి చెడ్డపేరు అన్నారు. ఉత్తరం వైపు సైనికుణ్ణి మనిషిలా చూపించాడని ఒక దర్శకుణ్ణి జైల్లో వేశారు. పరాయివాడు కోసినా సొంతవాడు కోసినా కత్తెర కత్తెరే కదా.

ఈ సినిమాలు నలుగురికీ చూపించాలని బుద్ధి పుట్టింది. మా ఊళ్లో ఒక సేట్‌కు జిన్నింగు మిల్లు ఉండేది. పత్తి సీజను అయిపోయాక, మిగిలిన కొద్ది బస్తాలు తప్ప గోదాము ఖాళీగా ఉంటుంది. అడిగితే సంతోషంగా ఇచ్చాడు. "మీరు చదువుకున్నోళ్లు సార్, మంచి పనే చేస్తరు. నా గోదాము మీదే అనుకోండ్రి" అన్నాడు. కాలేజీ ప్రొజెక్టరు బతిమాలి తెచ్చాను. గోడకు తెల్ల దుప్పటి కొట్టాం. ఆదివారం మధ్యాహ్నం షట్టర్లు దించితే చీకటి. మా కాలేజీ పిల్లలు, మిల్లు హమాలీలు, బజారుకు వచ్చిన ధరూర్ వైపు రైతులు, అందరూ వచ్చేవాళ్లు. ఊరికే సినిమా అంటే ఎవరు మాత్రం రారు?

చిక్కంతా భాష దగ్గర వచ్చింది. తెర కింద ఇంగ్లీషు అక్షరాలు పడతాయి, అవి ఎవరికి కావాలి? నేను పక్కన నిలబడి తెలుగులో చెప్పడం మొదలుపెట్టాను. నాకు చెప్పడం రాదని ఆరోజే తెలిసింది. కాసేపటికి ఒక రైతు లేచి, "సార్, పాఠం మంచిగనే చెప్తున్నరు గని బొమ్మ సమజ్ అయితలేదు" అన్నాడు. జనం నవ్వారు. వెనక నుంచి ఇంకొకడు "మైకాయనకు ఇయ్యిండ్రి సార్" అన్నాడు.

మైకాయన అంటే గద్వాలలో తెలియనివాళ్లు లేరు. సినిమా టాకీసుల తరఫున రిక్షాకు రెండు హారన్లు కట్టుకుని ఊరూరా కొత్త సినిమా వచ్చిందని చెప్పుకుంటూ తిరిగేవాడు. టాకీసులు మూతపడుతున్న కాలం కనుక ఆ పని పలచబడింది. ఉరుసు, జాతర, పోలియో చుక్కలు, తప్పిపోయిన బర్రె, అన్నిటికీ ఆయన గొంతే. నాకంటే పదేళ్లు పెద్ద. నేను అన్నా అనేవాణ్ణి, ఆయన నన్ను సార్ అనేవాడు. ధరూర్ మండలంలో కృష్ణా నది వైపు ఆయనకు కాస్త ఎర్రనేల ఉండేది, పల్లి వేసేవాడు. మైకు తిండి పెట్టని రోజుల్లో ఆ నేలే పెట్టేది. వాళ్లమ్మ కూలికి పోయి కొన్న చేను అది. దాని మాట వస్తే ఆయన గొంతు మారేది.

పద్ధతి ఒకటి కుదిరింది. ఉదయం చాయ్ దుకాణంలో కూర్చుని నేను కథ చెప్పేవాణ్ణి. ఆయన చుట్ట తాగుతూ వినేవాడు, ఒక్క ప్రశ్న వేసేవాడు కాదు. మధ్యాహ్నం మైకు పట్టుకోగానే కథ మొత్తం ఆయనదైపోయేది.

"గీ పిల్ల పేరు నాకు నోరు తిరుగుతలేదు. మనం చిన్నమ్మ అనుకుందం. గీడు చిన్నమ్మ మొగడు. పని లేదు, పట్నం పోతుండు, మనోళ్లు బొంబై బస్సెక్కినట్టే. ఆమెకు కడుపుల ఉన్నదంతా మొగడికి చెప్పాల్నని ఉన్నది, గని అత్త ముందర నోరు ఎట్ల తెరుస్తది? అత్తను చూడుండ్రి, ఎట్ల చూస్తుందో."

ఆడవాళ్లు రావడం మొదలైంది. ఒక ముసలామె తెర మీద చనిపోయిన పిల్లవాడి కోసం ఏడ్చి, షట్టరు ఎత్తాక కూడా లేవలేదు. మైకాయన చెప్పేదాంట్లో సగం మాటలు సినిమాలో లేనివే. నేను మొదట్లో గొణిగేవాణ్ణి. తర్వాత ఒకరోజు ఇంటర్నెట్‌లో చదివి నిర్ఘాంతపోయాను. కొరియాలో మూకీ సినిమాల కాలంలో తెర పక్కన నిలబడి కథ చెప్పేవాళ్లు ఉండేవారట. జనం నటుల కోసం కాకుండా వాళ్ల గొంతు కోసం వచ్చేవారట. సినిమాలో లేని మాట, జపాను వాడికి నచ్చని మాట, మెల్లగా ఇరికించేవారట. అందుకని జపాను సర్కారు ఆ చెప్పేవాళ్లకు పరీక్ష పెట్టి లైసెన్సు ఇచ్చేదట, హాల్లో పోలీసుకు ఒక కుర్చీ వేసేదట. మాట హద్దు దాటితే ఆట ఆపేయవచ్చు.

ఇది మైకాయనకు చెబితే తెగ నవ్వాడు. "అంటే నేను కొరియాల పుట్టుంటే పోలీసోళ్లు నా పక్కన కుర్చీ ఏస్కోని కూసుంటుండె అంటరా" అన్నాడు. "మన దగ్గర గట్ల లేదు సార్. మన దగ్గర మైకు కాడికి ఎవడొస్తడు?"

ఆ ఏడాది మంచిగా గడిచింది. వనపర్తి నుంచి ఉపాధ్యాయులు వచ్చి తీసుకుపోయారు, శ్రీరంగాపూర్‌లో ఒక బడిలో చూపించాం. అదే ఏడాది ఆయన చేనులో రాళ్లు పాతారు.

ఎత్తిపోతల కాలువ వస్తుందని అప్పటికి చాలాకాలంగా వింటున్నాం. నీళ్లు వద్దన్నవాడు పాలమూరులో పుట్టలేదు. కానీ కాలువ ఎటు పోతుందో, నేల పోయినవాళ్లకు ఏమిస్తారో ఎవరూ నోరు విప్పి చెప్పరు. సర్వేవాళ్లు గొలుసు పట్టుకుని వచ్చారు, తెల్ల సున్నం పూసిన రాళ్లు పాతారు, పోయారు. పెద్ద రైతుల చేల దగ్గర కాలువ వంకర తిరిగి, చిన్న చేల మీదుగా తిన్నగా పోయింది. మైకాయన నేల సరిగ్గా నడుమ పడింది. ఆయన ఆఫీసుల చుట్టూ తిరిగాడు. ఒకరు ఇంకొకరి దగ్గరికి పంపారు. నేలకు నేల ఇవ్వాలి, లేకుంటే రాళ్లు పాతకముందే ధర చెప్పాలి, ఆయన అడిగింది ఇంతే. "మా అమ్మ చేను సార్. కాలువకు ఇస్త, కాదంటలేను. గని నన్ను అడగాలె గద" అనేవాడు.

అప్పుడే నేను ఆ సినిమా పెట్టాను. కావాలని పెట్టలేదు, వరసలో వచ్చింది. ఒక పల్లె, అందులో ఒక కుటుంబం. ఊరి నేల మీదుగా కొత్త దారి వేస్తారు, రైతు పొలం పోతుంది, ఇల్లు చెదురుతుంది. సినిమా అంతా దుఃఖమే. చివరి కొద్ది నిమిషాల్లో మాత్రం ఊరందరూ కొత్త బట్టలు కట్టుకుని దారి పక్కన నిలబడి చేతులు ఊపుతూ నవ్వుతుంటారు. ఆ ముగింపు దర్శకుడిది కాదు. సైనిక సర్కారు చూసి, ఇంత ఏడుపు పనికిరాదు, దేశం ముందుకు పోతున్నట్టు చూపించు అని అతికించమన్నదని నాకు మిత్రుడు చెప్పాడు. ఉదయం చాయ్ దగ్గర ఇది కూడా మైకాయనకు చెప్పాను.

మధ్యాహ్నం గోదాము నిండిపోయింది. మైకాయన ఆరోజు ఎప్పుడూ లేనంత బాగా చెప్పాడు. తెర మీద మనుషులు కొలతలు వేస్తుంటే జనం బస్తాల మీద ముందుకు జరిగారు. ముగింపు వచ్చింది. ఊరంతా నవ్వుతోంది. మైకాయన మాట్లాడలేదు. బొమ్మ ఆడుతోంది, గొంతు లేదు. తర్వాత చాలా నెమ్మదిగా అన్నాడు.

"గీళ్లు నవ్వుతున్నరు గని నాకైతే నవ్వస్తలేదు. గీ నవ్వు వాళ్లది కాదు, సర్కారోళ్లు నవ్వుమంటే నవ్వుతున్నరు. నా చేన్ల కూడ రాళ్లు పాతిండ్రు. ఎంతిస్తరంటే చెప్పరు. ఏడికెల్లి పోతదంటే చెప్పరు. పెద్దోళ్ల చేను రాంగనే కాలువ వంకర తిరిగింది. రేపు మనల్ని కూడ రోడ్డు మీద నిలబెట్టి చేతులూపుమంటరు. నేనైతే ఊప."

చప్పట్లు మోగాయి. ఒకాయన బస్తా మీదికెక్కి ఈల వేశాడు. నాకు కళ్లనీళ్లు వచ్చాయి, దాచుకోను. ఆ గోదాములో నా జీవితం మొత్తంలో నేను చెప్పిన పాఠాలన్నిటికంటే పెద్ద పాఠం జరిగింది.

మర్నాడే పోలీసులు ఆయన్ని తీసుకుపోయారు. మైకు, యాంప్లిఫయరు, రెండు హారన్లు జీపులో వేసుకున్నారు. నేను స్టేషనుకు పరుగెత్తాను. ఫిర్యాదు ఎవరు ఇచ్చారో చెప్పలేదు, అందులో ఏముందో మాత్రం ఎస్సై చెప్పాడు. గద్వాలలో ఒక సినిమా తీశారట, అందులో కాలువను, ఇక్కడి నాయకుణ్ణి తిట్టారట. ఆ సినిమాను ఆపాలట.

"సార్, అది కొరియా సినిమా. నలభై ఏళ్ల కింద తీసింది" అన్నాను.

"కొరియావాళ్లకు మన కాలువ సంగతి ఎట్ల తెలిసింది?" అన్నాడు.

నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆయన వేళాకోళం చేయడం లేదు, నిజంగానే అడిగాడు. సినిమాలో కాదు, మైకులో అన్న మాటలని చెబితే మనిషి ఇరుక్కుంటాడు. సినిమాలోనివే అంటే సినిమా ఇరుక్కుంటుంది. నేను నీళ్లు నమిలేలోపు, నేల మీద కూర్చోబెట్టిన మైకాయన లేచి, "బొమ్మల లేవు సార్, నేనే అన్న" అన్నాడు. కానిస్టేబులు ఆయన భుజం పట్టి మళ్లీ కూర్చోబెట్టాడు. ఊరందరూ నమస్తే పెట్టే మనిషిని ఆ సాయంత్రం దాకా చెప్పుల పక్కన కూర్చోబెట్టారు. లోపలికి వచ్చిన ప్రతివాడూ ఆయన్ని చూసి తల తిప్పుకుని పోయాడు. ఆ రోజు తలుచుకుంటే ఇప్పటికీ నాకు అరికాలి మంట నెత్తికెక్కుతుంది.

చివరికి ఎస్సై తీర్పు చెప్పాడు. సినిమాలు ఆడించుకోవచ్చు. కానీ మైకులో చెప్పే ప్రతి మాటా ముందే కాగితం మీద రాసి తెచ్చి చూపించాలి. పాసైన మాటలే చదవాలి. మైకాయనతో, "కాయితంల లేని మాట ఒక్కటి మైకుల వినబడ్డదంటే, నీకు ఈ తాలూకాల మైకు పర్మిషన్ ఉండదు. సమజైందా? జబాన్ ఇయ్యి" అన్నాడు.

మైకాయన నిలబడి, మాట ఇస్తూ చెయ్యి గుండె మీద పెట్టుకున్నాడు. "జబాన్ ఇస్తున్న సార్. పాస్ కాని మాట మైకుల మాట్లాడ."

హారన్లు తిరిగి ఇచ్చారు. బయటికి వచ్చాక నేను "అన్నా, ఆయనేదో అన్నాడు, నువ్వేదో అన్నావు, పోనీ" అన్నాను. ఆయన నన్ను వింతగా చూశాడు. "జబాన్ ఇచ్చిన గద సార్" అన్నాడు.

ఆ తర్వాతి సినిమాకు నేను రాసుకుపోయాను. ఎస్సై ఎర్ర పెన్నుతో కూర్చున్నాడు. రైతు అన్నచోట ఒక వ్యక్తి అని రాశాడు. సర్వే అన్నచోట పరిశీలన అన్నాడు. ఆకలి అన్నచోట కాసేపు ఆలోచించి ఆహార కొరత అని దిద్దాడు. అదొక ప్రేమకథ. పిల్లవాడు పిల్లతో "నువ్వు తప్ప నాకు నేల లేదు" అంటాడు. నేల ఉంది కనుక ఆ మాట ఎగిరిపోయింది. "ప్రేమల నేలెందుకు సార్, మనకు లేనిపోని పరేషాన్" అన్నాడు. మంచివాడే పాపం, చాయ్ తెప్పించాడు. నేను పళ్లు నూరుకుంటూ తాగాను. కొరియాలో కూడా ఇట్లాంటి ఒక మనిషి ఇట్లాగే చాయ్ ఇచ్చి పేజీలు కొట్టేసి ఉంటాడు. అక్కడ కథలు రాసేవాళ్లు కొంతకాలానికి ఆఫీసు దాకా పోకుండా ఇంట్లోనే కొట్టేసుకోవడం నేర్చుకున్నారట. ఆఖరికి అధికారికి పెన్ను తీసే పని కూడా ఉండేది కాదట.

ఆదివారం గోదాములో మైకాయన కాగితం పట్టుకుని చదివాడు. "ఒక వ్యక్తి తన నివాసము నుండి బయలుదేరుచున్నాడు. అతని కుటుంబమునకు ఆహార కొరత కలదు." తెర పక్కన కుర్చీ వేసుకుని ఒక కానిస్టేబులు కూర్చున్నాడు. చాలాకాలం కింద ఎక్కడో దూరదేశంలో వేసిన కుర్చీ నడిచి నడిచి మా గోదాములోకి వచ్చింది. జనం సగంలోనే లేచిపోయారు. తర్వాతి వారం సేట్ వచ్చి, "బురా మత్ మానియే సార్, ఏమనుకోకుండ్రి, గోదాముల నాకు వేరే పని పడ్డది" అన్నాడు. పత్తి రావడానికి ఇంకా చాలా రోజులుంది. గోడకు కొట్టిన దుప్పటి విప్పుకుని వచ్చేశాను.

ఈ కోపంతో వనపర్తి నుంచి వచ్చే ఒక చిన్న మాసపత్రికకు వ్యాసం పంపాను. గద్వాల సంగతి ఎత్తకుండా కొరియా సెన్సారు చరిత్ర ఒక్కటే రాశాను. సంపాదకుడు అందులో సైనిక పాలన పేరాలు తీసేసి, కొరియావాళ్లు సినిమాల్లో మంచి అభివృద్ధి సాధించారన్న భాగం వేశాడు. ఫోనులో అడిగితే, "మీ మంచికే సార్, రోజులు బాలేవు" అన్నాడు. సెన్సారు గురించి రాసిన వ్యాసాన్ని సెన్సారు చేసిన ఘనత మా జిల్లాకే దక్కింది.

కొన్నాళ్లకు ఆ ఎస్సై బదిలీ అయ్యాడు. కొత్తగా వచ్చినాయనకు ఈ గొడవ తెలియనే తెలియదు. నాకు ప్రాణం లేచొచ్చింది. నాగర్‌కర్నూల్‌లో ఒక మిత్రుడు ట్యుటోరియల్ హాలు ఇస్తానన్నాడు, మైకాయనను బస్సెక్కించుకుని తీసుకుపోయాను. దారిలో చెప్పాను, "అన్నా, కాగితం లేదు, కానిస్టేబులు లేడు, నీ ఇష్టం వచ్చినట్టు చెప్పు." అంతకు ముందు తొంభైల్లోనే కొరియాలో వాళ్ల పెద్ద కోర్టు, ముందే చూసి కోసే సెన్సారు చెల్లదని తీర్పు ఇచ్చిందని, ఆ తర్వాతే వాళ్ల సినిమా రెక్కలు విప్పుకుందని కూడా చెప్పాను. ఆయన కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాడు.

"కాయితం ఏది సార్?" అన్నాడు హాల్లో మైకు చేతికిస్తే.

"కాగితం లేదన్నా. ఆ ఎస్సై పోయాడు."

"ఆయన పోయిండు. నేను పోలే గద. జబాన్ నాది."

అరగంట బతిమాలాను. కోపం చేశాను. నోరు తెరిచేవాడు, మాట వచ్చేది కాదు, నీళ్లు తాగేవాడు. చివరికి నేనే చెప్పాను, జనం మధ్యలోనే పోయారు. తిరుగు బస్సులో అన్నాడు, "జబాన్ ఒక్కటే అయితే తప్పుదునేమో సార్. మైకు పట్టుకుంటే ఆ చెప్పులు కండ్ల పడుతున్నయి. ఏ మాట పాసైతదో, ఏ మాట కాదో నాకు సమజైతలేదు. అన్ని మాటలు ఒక్కతీరుగనే కనబడుతున్నయి." మా సినిమాలు ఆరోజుతో అయిపోయాయి.

మరుసటి ఎండాకాలం ధరూర్ వైపు ఆయన ఊళ్లో సభ పెట్టారు. కాలువ కింద నేల పోయేవాళ్లు ఏమంటారో పెద్ద ఆఫీసరు వచ్చి అందరి ముందు వింటాడని, విన్నది రాసుకుని పైకి పంపుతాడని చాటించారు. రైతులు కూర్చుని మాట్లాడుకున్నారు. మైకులో మాట్లాడటం ఎవరికీ రాదు, ఆఫీసరును చూస్తే నాలుక తడారిపోతుంది. మైకాయన మాట్లాడతాడని తేల్చుకున్నారు. గోదాములో ఆరోజు ఆయన మాటలు విన్నవాళ్లు వాళ్లలో ఉన్నారు. ఒకాయన నాతోనే అన్నాడు, "ఆయన గొంతు లేస్తే ఆఫీసరు కూడ ఆగి వింటడు సార్. మాకు ఆయనే దిక్కు."

నాకు భయం పట్టుకుంది. ముందురోజు పోయి ఆయన్ని అడిగాను. "అన్నా, మాట్లాడతావా?"

"కాయితం ఉంటే మాట్లాడుత సార్" అన్నాడు.

అంతే కదా అనుకున్నాను. వాళ్ల అరుగు మీద కూర్చుని రైతులందరూ చెబుతుంటే నేనే రాశాను. నేలకు నేల కావాలని రాశాను. లేదా పక్క ఊళ్లో ఇచ్చిన ధర ఇవ్వాలని, కాలువ వంకర ఎందుకు తిరిగిందో నక్షా చూపించాలని, అన్నిటికీ జవాబు వచ్చేదాకా ఎవరూ వేలిముద్ర వేయరని రాశాను. మైకాయన ఇంట్లోకి పోయి వాళ్లావిడకు అది చదివి వినిపించాడు. ఆమె కళ్లు తుడుచుకుని, "గిట్లనే చదువు, ఒక్క ముక్క ఇడువకు" అన్నది. కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఆయన మొహంలో చాలా రోజుల తర్వాత వెలుగు చూశాను.

బడి ముందు షామియానా వేశారు. ఆఫీసరు, ఆయన వెంట వచ్చినవాళ్లు బల్ల వెనక కూర్చున్నారు. ఊరంతా వచ్చింది. ఆడవాళ్లు ఒక పక్క కూర్చున్నారు, అందులో మైకాయన భార్య ముందు వరసలో ఉంది. రైతుల తరఫున మాట్లాడేవాళ్లు రావాలని పిలిస్తే మైకాయన లేచాడు. కొత్త అంగీ తొడుక్కున్నాడు. మైకు అందుకుని వేలితో తట్టాడు. జేబులోంచి కాగితం తీశాడు.

కాగితం విప్పకుండానే ఆయన బల్ల దగ్గరికి నడిచాడు. రెండు చేతులా దాన్ని ఆఫీసరుకు అందించి, వంగి, "సార్, జర చూసి పాస్ చేయుండ్రి. చదువుత" అన్నాడు.

ఆఫీసరుకు మొదట అర్థం కాలేదు. కాగితం విప్పి చదివాడు. పక్కవాడికి చూపించాడు. ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. నేను వెనక నుంచి "అన్నా, పాస్ అవసరం లేదు, చదువు" అని అరిచాను. ఎవరో నన్ను కూర్చోమన్నారు. ఆఫీసరు నవ్వాడు. ఆ కాగితాన్ని ఫైలు కిందికి తోసి, ఫైలులోంచి ఇంకో కాగితం తీసి ఇచ్చాడు. "ఇది పాసైనదే. ఇది చదువు పెద్దమనిషీ" అన్నాడు.

మైకాయన దాన్ని కళ్లకద్దుకున్నాడు. అలవాటు. మైకు దగ్గరికి వచ్చి గొంతు సవరించుకున్నాడు.

ఆ గొంతు లేచింది. గద్వాల కోట గోడల దగ్గర నిలబడి మాట్లాడితే బజారు చివర వినబడే గొంతు. ఈ గ్రామ రైతులమైన మేము కాలువ నిర్మాణమునకు మా భూములను మనస్ఫూర్తిగా ఇచ్చుచున్నామని, మాకు ఎట్టి అభ్యంతరమూ లేదని, ప్రభుత్వము నిర్ణయించిన పరిహారమును సంతోషముతో స్వీకరింతుమని చదివాడు. కింద రైతుల పేర్లు ఉన్నాయి. తండ్రి పేరుతో సహా తన పేరు కూడా చదివాడు. ఎక్కడా తడబడలేదు. రైతులు ఒకరినొకరు చూసుకున్నారు. లేచి కాదనడానికి ఒక్కరికీ నోరు రాలేదు. ఆయనే అట్లా చదివాక ఇంకెవరు లేస్తారు? వాళ్లావిడ కొంగు నోట్లో కుక్కుకుంది. బల్ల వెనక ఒకడు అంతా రాసుకున్నాడు. ఆఫీసరు చప్పట్లు కొట్టాడు, పక్కవాళ్లు కూడా కొట్టారు.

ఆయన మైకు జాగ్రత్తగా స్టాండుకు పెట్టి, జనం మధ్యలోంచి నా దగ్గరికి నడిచి వచ్చాడు. చెమటతో అంగీ తడిసిపోయింది. నా చెయ్యి పట్టుకుని చెవి దగ్గర అడిగాడు.

"ఒక్క తప్పు పోలే గద సార్?"

"పోలేదన్నా" అన్నాను.